మా ఊరి రాజులు ఊళ్లో లేరు

మొన్న దసరాకు జగిత్యాల పోయినప్పుడు మా బామ్మర్ది అన్నం తింటూ ఒక మాట అడిగాడు. "బావా, ఓరుగల్లుకు కాకతీయులున్నరు. గోల్కొండకు కుతుబ్‌షాహీలున్నరు. ముప్పై ఏండ్లసంది బొంబాయిల ఉంటున్నవు గదా, మీ ఊరికి ఎవరున్నరే? ఇంగ్లీషోడు రాకముందు ఆడ చేపలు తప్ప ఏమున్నయి?"

అప్పటికి నవ్వి ఊరుకున్నాను. బడిలో పాఠాలు చెప్పుకునేవాణ్ణి, జవాబు లేక కాదు. మొదలుపెడితే పెరుగన్నంతో తేలేది కాదు. అందుకే ఇప్పుడు రాస్తున్నాను.

మనవాళ్లు సికింద్రాబాద్‌లోనో నిజామాబాద్‌లోనో ఎక్కి తెల్లారి దాదర్‌లో దిగే బండి పేరు దేవగిరి ఎక్స్‌ప్రెస్. ఆ పేరెందుకు పెట్టారని అడిగినవాణ్ణి ఇంతవరకు చూడలేదు. రాత్రి బోగీ అంతా గురక పెడుతుండగా, ఔరంగాబాద్ దాటాక, దౌలతాబాద్ వస్తుంది. అదే దేవగిరి, యాదవుల రాజధాని. 1296లో అల్లావుద్దీన్ ఖిల్జీ దాని మీద పడ్డాడు. 1323లో ఓరుగల్లును పడగొట్టి మన ప్రతాపరుద్రుణ్ణి బందీగా ఢిల్లీకి పంపిన తుగ్లక్ రాకుమారుడే, తర్వాత తాను సుల్తానై 1327లో ఢిల్లీ నుంచి రాజధానిని ఈ దేవగిరికి తెచ్చాడు. మీ కథకూ మా కథకూ ముడి పడేది ఆ చీకటి స్టేషన్లోనే.

దేవగిరి చెదిరిన రోజుల్లో యాదవ వంశంవాడు భీమదేవుడనే రాజు పడమటి తీరానికి వచ్చి, మాహికావతిలో గద్దె వేశాడని ఇక్కడి పాతకాపులు చెప్పుకుంటారు. 'మాహికావతీచీ బఖర్' అనే పాత మరాఠీ గ్రంథంలో ఆ కథ ఉంది. ఆ మాహికావతే నేటి మాహిం. దాదర్‌లో పడమటి లైను లోకల్ ఎక్కితే మాటుంగా రోడ్, ఆ తర్వాత మాహిం. రెండే స్టేషన్లు. బొంబాయి ఏడు దీవుల్లో మాహిం ఒకటి. దాదర్ ఉన్నది కూడా ఆ దీవిలోనే. అందుకే దాదర్‌ను ఒకప్పుడు కింది మాహిం అనేవారు. అంటే, బామ్మర్దీ, దాదర్‌లో నేనుండేది రాజధాని శివార్లలో!

పద్నాలుగో శతాబ్దం నడిమికి ఈ దీవులు ముస్లిం సేనల చేతికి వచ్చాయి. 1407లో గుజరాత్ సుబేదారు జఫర్ ఖాన్ ఢిల్లీకి సలాము కొట్టడం మానేసి, ముజఫర్ షా పేరుతో సుల్తాన్ అయ్యాడు. మాహిం ఆ రాజ్యం కిందికి వచ్చింది. ఆయన మనుమడు అహ్మద్ షా 1411లో అహ్మదాబాద్ కట్టించి గద్దె అక్కడ వేసుకున్నాడు. మాహింకు ఒక అధికారిని పంపాడు, అంతే. భీమదేవుడి రాజధాని కాస్తా సుల్తాను ఠాణా అయింది. అయినా ఈ దీవులన్నిటికీ పెద్ద ఊరు అదే.

ఇక్కడే మన వైపువాడు ఒకడు వస్తాడు. 1425 ప్రాంతంలో ఓరుగల్లును బహమనీ రాజ్యంలో కలిపేసిన సుల్తాన్ పేరు కూడా అహ్మద్ షాయే. గుల్బర్గా నుంచి రాజధానిని బీదర్‌కు మార్చినవాడు. బీదర్‌కు సముద్రం లేదు. అరబ్బు గుర్రాలు దిగేదేమో రేవుల్లో. 1430 ప్రాంతంలో మాహింలోని గుజరాత్ అధికారి కుతుబ్ ఖాన్ చనిపోయాడు. కబురు అందడమే ఆలస్యం, బీదర్ అహ్మద్ షా సేనాని మలిక్-ఉత్-తుజ్జార్ వచ్చి దీవిని పట్టుకున్నాడు. ఆ బిరుదుకు అర్థం వర్తకుల రాజు అని. దాడి ఎందుకో ఆ పేరే చెబుతుంది. అహ్మదాబాద్ అహ్మద్ షా ఊరుకుంటాడా? కొడుకు జఫర్ ఖాన్‌ను సైన్యంతో, ఓడలతో పంపాడు. ముందు ఠాణే పట్టణం పడింది, తర్వాత మాహిం మళ్లీ గుజరాత్‌కు దక్కింది.

క్లాసులో ఈ పాఠం చెబితే పిల్లలు ప్రతిసారీ ఒకటే అడుగుతారు: "సార్, ఇంతకీ ఏ అహ్మద్ షా గెలిచిండు?" అహ్మదాబాద్ అహ్మద్ షా. కానీ రేవులో కత్తులు దూసుకున్నప్పుడు ఇద్దరిలో ఒక్క అహ్మద్ షా కూడా ఊళ్లో లేడు.

ఊళ్లో ఉన్నవాడు వేరే. మఖ్దూం అలీ మాహిమీ. 1372లో పుట్టి 1431లో పోయాడు. ఈ పోట్లాట జరిగింది ఆయన చివరి రోజుల్లోనే. అరబ్బు దేశం నుంచి వచ్చి కొంకణంలో స్థిరపడ్డ నవాయత్‌ల ఇంటివాడు. ఊరికి ఖాజీ. ఖురాన్‌కు అరబీలో వ్యాఖ్యానం రాసిన పండితుడు. ఊరి పేరునే ఇంటిపేరులా తగిలించుకున్నాడు. డిసెంబరులో పది రోజులు ఆయన దర్గా దగ్గర మేళా జరుగుతుంది. మొదటి చందనం ముంబై పోలీసులది. బ్యాండు వాయిస్తూంటే, ఖాకీ బట్టల్లో ఉన్న ఆఫీసరు పళ్లెం నెత్తిన పెట్టుకుని జనంలోంచి నడిచివస్తాడు. పక్కన రంగులరాట్నం, బొమ్మల దుకాణాలు, హల్వా. నేను ఊరికి వచ్చేటప్పుడు పట్టుకొచ్చే హల్వా ఉంది చూడు, పల్చగా రేకుల్లా కోసి, మధ్య మధ్య కాగితం పెట్టి ఇస్తారు, మీ పిల్లలు కాగితం కూడా నాకుతారు! దాని పేరు మాహిం హల్వా. రాజధాని పేరు మీ ఇంటిదాకా వచ్చింది, నువ్వే అడగలేదు.

తర్వాతి కథంతా బేరమే. గుజరాత్ సుల్తాన్ బహదూర్ షా మీదికి మొగల్ హుమాయూన్ వస్తున్నాడు. పోర్చుగీసుల సాయం కావాలి. 1534 డిసెంబరు 23న వసాయి ఒప్పందంలో వసాయితో పాటు ఈ దీవుల్నీ రాసిచ్చేశాడు. సంతకం జరిగింది ఒక పోర్చుగీసు ఓడలో. మూడేళ్లు తిరగకుండా డయ్యూ దగ్గర ఆ పోర్చుగీసులతోనే పెనుగులాడి నీళ్లలో పడి చచ్చిపోయాడు. దీవులు మాత్రం తిరిగి రాలేదు. 1661లో పోర్చుగల్ రాకుమారి కేథరిన్‌ను ఇంగ్లండ్ రాజు రెండో చార్లెస్‌కు ఇచ్చేందుకు ఒప్పందం రాసుకుంటూ బొంబాయిని కట్నంలో పెట్టారు. 1665లో ఇంగ్లీషువాళ్లు వచ్చి అడిగితే, బొంబాయి అంటే బొంబాయి దీవి ఒక్కటే, మాహిం అందులో లేదని ఆడపెళ్లివాళ్లు పేచీ పెట్టారు. కట్నాల దగ్గర తగాదాలు మనకు కొత్తా? ఇంగ్లీషువాళ్లు మాహింను కూడా పట్టుకున్నారు. 1668లో రాజుగారు మొత్తాన్నీ ఏడాదికి పది పౌన్ల చొప్పున ఈస్టిండియా కంపెనీకి కిరాయికిచ్చాడు. కంపెనీ బొంబాయి దీవిలోని కోటలో కూర్చుంది, మాహిం వెనకబడింది.

ఆ కోట ఊరు పెరుగుతుంటే రాళ్లు మోసి గోడలు లేపడానికి నిజాం రాజ్యం నుంచి మనవాళ్లు వచ్చారు. కామాఠీలన్నారు వాళ్లను; వాళ్లుండే చోటు కామాఠీపురా. నేను కూడా మొదట దిగింది అక్కడే, మేనమామ ఖోలీలో. ఒక్క గదిలో పదకొండు మందిమి. మగవాళ్లం గల్లీలో పడుకునేవాళ్లం.

కాబట్టి బామ్మర్దీ, నీ ప్రశ్నకు జవాబు ఇది. మా ఊరికి రాజులు తక్కువేం లేరు. కానీ భీమదేవుడి తర్వాత ఒకడు అహ్మదాబాద్‌లో ఉన్నాడు, ఒకడు బీదర్‌లో, ఒకడు లిస్బన్‌లో, ఒకడు లండన్‌లో. కాగితం మీద ఊరు చేతులు మారిన ప్రతిసారీ ఆ కాగితం ఇంకెక్కడో రాసుకున్నారు. ఇక్కడివాళ్లకు తర్వాత తెలిసింది.

పోయిన ఆదివారం మా చాళ్‌లో మీటింగు పెట్టారు. పాతది కూల్చి టవరు కడతారట. కాగితాలు మరాఠీలో, ఇంగ్లీషులో. అందులో మొదట మాట్లాడుకున్న బిల్డరు పేరు లేదు, ఇంకెవరిదో ఉంది. మధ్యలో ఎప్పుడు మారిందో మాకెవరూ చెప్పలేదు. పక్క ఖోలీ పెద్దమ్మ, మిల్లు కార్మికుడి భార్య, నలభై ఏళ్లుగా అదే గడప, తన కాగితం నా చేతిలో పెట్టి అడిగింది: "సారూ, మన చాళ్ ఎవరికిచ్చిండ్రట?"

చదివి తెలుగులో చెప్పాను. సంతకం చేసేదాకా ఏదీ పక్కా కాదని కూడా చెప్పాను. ఆమె కాగితాన్ని నాలుగు మడతలు పెట్టి రొంటిన దోపుకుంది. "అయితే ఇయ్యాల్టికి ఖోలీ నాదే" అంటూ, నల్లా వచ్చే వేళైందని బిందె తీసుకుని పోయింది.