పూర్ణము పాతది, పొయ్యి క్రొత్తది

హైదరాబాదులోని ఉస్మాన్‌గంజ్ కిరాణా టోకు వర్తకమునకు పేరుపడిన పేట. అక్కడికి కొద్ది దూరములోనే 1935లో కట్టిన మొజంజాహీ మార్కెట్టు, దాని యొద్ద కరాచీ బేకరీ, నాంపల్లి వైపు మరలినచో సుభాన్ బేకరీ. సరకొక ప్రక్క, భట్టీ యొక ప్రక్క ఉండగా, నడుమనున్న ఇండ్లవారికి తామే రొట్టె కాల్చుకొను అవసరము చిరకాలము కలుగలేదు. ఇప్పుడు చిన్న విద్యుత్ పొయ్యిలు వంటయిండ్లలోనికి వచ్చినవి. కేకులతో తృప్తిపడక చీనావారి తీపి బన్నులను సైతము కాల్చి చూచువారు కలరు. ‘చీనా సంప్రదాయపు బన్ను’ అని వారందురు. ఆ సంప్రదాయ మెంత పాతదో విచారింపవలెనని మాకు తోచినది. విచారించిన కొలది కథ మన గంజ్ వైపే తిరిగి వచ్చినది.

చీనాలో పాతది కాల్చిన బన్ను కాదు, ఆవిరిపై ఉడికిన బన్ను. క్రీస్తుశకము మూడవ శతాబ్దిలో షు సీ అను కవి పిండివంటలను గూర్చి ఒక కావ్యమే వ్రాసెను. అందులో ‘మంతౌ’ వసంతకాలమునకు తగిన భక్ష్యముగా పేర్కొనబడినది. జూగే లియాంగ్ అను మంత్రి నరబలికి మారుగా నదికి పిండిముద్దల నర్పించెననియు, మంతౌ అట్లు పుట్టెననియు ఒక కథ కలదు. అది కథయే గాని చరిత్ర కాదు. కాల్చిన రొట్టెలు చీనాలో లేకపోలేదు. నువ్వులద్దిన షావోబింగ్ ఎంతయో ప్రసిద్ధము. కాని అది ఎక్కువగా అంగడి సరకు. ఇల్లాలి చేతిలో నున్నవి పొయ్యి, కడాయి, వెదురు తట్టల ఆవిరిపాత్ర. మన యింటనైనను అంతే గదా! మనకును కుడుము, ఇడ్డెన, ఆవిరి కుడుము ఉన్నవి. సొంత భట్టీ గల తెలుగు వంటయిల్లు అరుదు.

లోపలి పూర్ణమును చూచినచో పోలిక మరింత స్పష్టమగును. చీనావారు అజుకి అను ఎఱ్ఱని గింజలను మెత్తగా నుడికించి, మెదిపి, చక్కెర చేర్చి, కొంచెము కొవ్వుతో కడాయిలో త్రిప్పుచు, అంచు వదలి ముద్దయగు వరకు దగ్గర పఱతురు. శనగపప్పునకు బదులు అజుకి, బెల్లమునకు బదులు చక్కెర. తక్కినదంతయు మన పూర్ణమే. ఆ గింజలు మన బొబ్బర్లకు, పెసలకు దాయాదులు కూడ. ఇక చక్కెర మాట. క్రీ.శ. 647లో టాంగ్ చక్రవర్తి తైజోంగ్ చెఱకురసము కాచి చక్కెర తీయు విధానము నేర్చి రండని మగధకు మనుష్యులను పంపినట్లు చీనావారి చరిత్రలోనే యున్నది. ఉత్తరాది భాషలలో చక్కెరను ‘చీనీ’ యనుట విన్నపుడు మాకు ఈ సంగతి జ్ఞప్తికి వచ్చి నవ్వు వచ్చును.

మఱి ఎఱ్ఱగా కాలి, మెఱుపు తేలిన బన్ను ఎక్కడిది? హాంకాంగు 1842 నుండి 1997 వరకు ఆంగ్లేయుల పాలనలో నుండెను. పాశ్చాత్యుల రొట్టె, పొయ్యి అక్కడికి వారితో వచ్చినవి. చప్పని రొట్టె స్థానికుల నాలుకకు రుచింపలేదు. రొట్టెపనివారు పిండిలో చక్కెరయు కొవ్వును పెంచి, పైన చక్కెర, గ్రుడ్డు కలిపిన పెళుసైన పొరను వేసిరి. పొర బీటలు వాఱి అనాసపండు తొక్కవలె కనుపించుటచేత దానికి అనాస బన్ను అను పేరు వచ్చినది. అందు అనాస తునుక యొకటియు లేదు. ఇంకొకటి ‘కాక్‌టెయిల్ బన్ను’. అమ్ముడుపోని బన్నులను పారవేయ మనసొప్పక, మెదిపి, చక్కెరయు కొబ్బరియు కలిపి క్రొత్త బన్నులలో కూరిరనియు, ఇది 1950 ప్రాంతముల నాటి మాటయనియు చెప్పుదురు. 2014లో హాంకాంగు ప్రభుత్వము తన సాంస్కృతిక వారసత్వపు పట్టికలో అనాస బన్ను తయారీని చేర్చినది. పరాయి పొయ్యి మీద పుట్టినది రెండు తరములలో వారసత్వమైనది.

హైదరాబాదు కథ దీనికి అన్నదమ్ముల వరుస. తందూరు ఇక్కడ పాతదే. పురానీ హవేలీ చెంత మున్షీ నాన్ దుకాణము 1851 నాటిది. కాని మెత్తని ‘డబల్ రొట్టె’ తెలుగిండ్లలో చిరకాలము జ్వరపడినవారి పథ్యము మాత్రమే. ఆరోగ్యవంతుడు పాలలో రొట్టె ముంచుకొనుట చూచి, ఒంట్లో బాగుండలేదా యని అడుగువారు. ఆచారపరులు గ్రుడ్డు తగిలినదేమోనని దాని వైపు చూడనే చూడరు. పట్టణమువారు మాత్రము రొట్టెను నేతిలో వేయించి, పాకములోను పాలలోను నానవేసి ‘డబల్ కా మీఠా’ యని పెండ్లి విందుల కెక్కించిరి. నిన్నటి రొట్టెకు ఇంతకంటె గౌరవమేమి కావలెను?

సుభాన్ బేకరీ 1948 నాటిది. దేశవిభజనలో సింధు విడిచి వచ్చిన ఖాన్‌చంద్ రామ్నానీ 1953లో మొజంజాహీ మార్కెట్టులో కరాచీ బేకరీని స్థాపించెను. ఈ నగరపు బేకరీలలో దొరకు ‘దిల్‌పసంద్’లో కొబ్బరి తురుము, చక్కెర, పచ్చి బొప్పాయితో చేసిన రంగురంగుల టూటీ ఫ్రూటీ కూరుదురు. హాంకాంగు బన్నులోను కొబ్బరియే, ఇక్కడను కొబ్బరియే. ఒకరి నుండి ఒకరు నేర్చిరనుటకు మాకు ఆధారము కనబడలేదు. కొబ్బరి, చక్కెర చేరువలో నున్న చోట ఎవరికైనను తోచు ఊహయే అది.

పేరుకు మాత్రము ఆ శాంతి దక్కలేదు. 2019లో బెంగళూరులోని ఒక శాఖ ముందు గుంపు చేరి, బల్ల మీది ‘కరాచీ’ యను మాటను కప్పించినది. 2025లో శంషాబాదు శాఖపై దాడి జరిగినది. ఇల్లు పోగొట్టుకొని వచ్చినవాడు తన ఊరి పేరొక్కటి మూటగట్టుకొని రాగా, దానిని శత్రువు పేరని చించుట మాకు అన్యాయముగానే తోచును.

ఇంటి బన్ను సంగతికి వత్తము. చీనా బన్ను మరునాటికిని మెత్తగా నుండుటకు ‘టాంగ్‌జోంగ్’ అను ఉపాయమున్నది. 20 గ్రాముల పిండిని 100 గ్రాముల నీటిలో కలిపి, 65 డిగ్రీల సెంటీగ్రేడు వేడికి వచ్చువరకు కలియబెట్టినచో గంజి వలె చిక్కబడును. వేడికి పిండిలోని గంజిపదార్థము ఉబ్బి నీటిని పట్టి యుంచును. చల్లార్చి మైదా, పాలు, ఈస్టు, చక్కెర, వెన్నలతో మర్దించవలెను. ఇదియు ప్రాచీనము కాదు. జపానువారి వేడినీటి పిండి పద్ధతికి చుట్టము. తైవాను రచయిత్రి ఇవాన్ చెన్ 2007లో ప్రకటించిన పుస్తకముతో వ్యాపించినది. ఉండ్రాళ్లకు ఎసరు కాచి అందులో పిండి పోయు తెలుగు ఇల్లాలికి ఈ కిటుకు విడమరచి చెప్పనక్కరలేదు.

ముద్ద రెట్టింపైన పిమ్మట ఉండలు చేసి, పూర్ణము కూరి, మరల పొంగనిచ్చి, 180 డిగ్రీల వేడిలో సుమారు 18 నిమిషములు కాల్చవలెను. విద్యుత్ పొయ్యి లేనివారు ఆ ఉండలనే కాగితపు ముక్కల మీద నుంచి, ఇడ్డెన పాత్రలో 12 నిమిషములు ఆవిరి పట్టవచ్చును. దింపిన వెంటనే మూత తీసినచో ముడుతలు పడును గనుక రెండు నిమిషము లాగవలెను. అట్లు ఉడికినది తెల్లగా నుండును. షు సీ కవి మరల వచ్చినచో గుర్తు పట్టగలది దీనినే గాని, ఎఱ్ఱగా కాలిన దానిని గాదు.