క్రిమినల్ కేసు ఏళ్ల తరబడి సాగుతోందా? విచారణ త్వరగా జరపమని ఎలా అడగాలి?

ఇంట్లో సంపాదించే మనిషి జైల్లో ఉంటాడు. కుటుంబం ప్రతి పేషీకి కోర్టుకు వెళ్తుంది. సాక్షి రాలేదనో, జడ్జిగారు సెలవనో మళ్లీ వాయిదా. కోర్టుల్లో కేసులు పేరుకుపోయిన మాట నిజమే. కానీ విచారణ త్వరగా జరపమని అడగడం హక్కు. బిహార్ జైళ్లలో మగ్గుతున్న విచారణ ఖైదీల గురించిన హుస్సైనారా ఖాతూన్ కేసులో సుప్రీంకోర్టు 1979లోనే ఈ మాట చెప్పింది. సత్వర విచారణ రాజ్యాంగం 21వ అధికరణలో భాగమని తేల్చింది.

ముందు ఎక్కడ అడగాలి?

కేసు నడుస్తున్న కోర్టులోనే. 2024 జూలై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహిత (బీఎన్ఎస్ఎస్) సెక్షన్ 346 ప్రకారం, సాక్షుల విచారణ మొదలయ్యాక రోజువారీగా సాగాలి. వాయిదా వేస్తే కారణం రాయాలి. ఒక పక్షం చేతిలో లేని కారణాలకైతే రెండుకు మించి వాయిదాలు ఇవ్వకూడదు. పాత సీఆర్‌పీసీలో ఇలాంటిదే సెక్షన్ 309. కొత్త చట్టానికి ముందే విచారణ మొదలైన కేసులకు పాత చట్టమే వర్తిస్తుంది.

వకీలు ద్వారా పిటిషన్ వేసేటప్పుడు జైల్లో ఎన్ని నెలలు గడిచాయి, ఎన్ని వాయిదాలు పడ్డాయి, ఎంతమంది సాక్షుల్లో ఎందరి విచారణ అయింది అన్నవి తేదీలతో సహా చూపాలి. ఈ-కోర్ట్స్ వెబ్‌సైట్‌లో కేసు సీఎన్ఆర్ నంబర్ కొడితే వాయిదాల వివరాలు ఉచితంగా కనిపిస్తాయి. ఒట్టి "ఆలస్యమవుతోంది" అనే మాట కంటే ఈ లెక్కకు బలం ఎక్కువ.

హైకోర్టుకు వెళ్తే?

వెళ్లవచ్చు. అయితే ఇక్కడ ఒక విషయం తెలుసుకోవాలి. 2024 ఫిబ్రవరి 29న సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం, అసాధారణ పరిస్థితుల్లో తప్ప కింది కోర్టుల కేసులకు గడువులు పెట్టకూడదని చెప్పింది. హైకోర్టుకు రాగలిగిన వారి కేసు ముందుకు జరిగితే, రాలేని పేదవారి కేసు వెనక్కి పోతుందన్నది ఒక కారణం. అందుకే "ఆరు నెలల్లో ముగించండి" అనే ఆర్డర్ మీదే ఆశలన్నీ పెట్టుకోవద్దు.

జైల్లో ఉంటే బెయిల్ కూడా అడగండి

విచారణ ఎప్పుడు ముగుస్తుందో ఎవరూ చెప్పలేరు. ఆలోపు మనిషిని ఇంటికి తెచ్చుకోవడం ముఖ్యం.

- 60 రోజుల్లో, పెద్ద నేరాలైతే 90 రోజుల్లో చార్జిషీటు వేయకపోతే బెయిల్ హక్కుగా వస్తుంది. చార్జిషీటు పడకముందే అడగాలి.
- సెక్షన్ 479 కింద, గరిష్ఠ శిక్షలో సగం కాలం జైల్లో గడిపినవారు బెయిల్‌కు అర్హులు. ఇంతకుముందు ఏ నేరంలోనూ శిక్ష పడనివారికి మూడో వంతు చాలు. ఈ గడువు దాటిన ఖైదీ గురించి జైలు సూపరింటెండెంటే కోర్టుకు రాయాలి. పాత కేసుల్లోని విచారణ ఖైదీలకూ ఇది వర్తిస్తుందని 2024 ఆగస్టులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. మరణశిక్ష, యావజ్జీవ శిక్ష పడగల నేరాలకు ఈ వీలు లేదు. ఒకటి కంటే ఎక్కువ కేసులు పెండింగ్‌లో ఉన్నా వర్తించదు.
- ఊపా కేసుల్లోనూ దారి పూర్తిగా మూసుకుపోలేదు. 2021లో కె.ఎ. నజీబ్ కేసులో, ఐదేళ్లకు పైగా జైల్లో ఉండి ఇంకా 276 మంది సాక్షులు మిగిలిన నిందితుడికి హైకోర్టు ఇచ్చిన బెయిల్‌ను సుప్రీంకోర్టు సమర్థించింది.

మన వైపు నుంచి ఆలస్యం వద్దు

బెయిల్ మీద ఉన్నవారు వాయిదాకు వెళ్లకపోతే వారెంటు వస్తుంది, కేసూ ఆగుతుంది. నిందితుడి వల్ల జరిగిన ఆలస్యాన్ని సెక్షన్ 479 లెక్కలోంచి తీసేస్తారు. మన వకీలే పదే పదే వాయిదా అడుగుతుంటే కారణం అడిగి తెలుసుకోండి.

వకీలుకు డబ్బు లేకపోతే

జైల్లో ఉన్నవారికి, మహిళలకు ఆదాయంతో పని లేకుండా ఉచిత న్యాయ సహాయం అందుతుంది. జిల్లా కోర్టులోని న్యాయ సేవాధికార సంస్థలో అర్జీ ఇవ్వవచ్చు, లేదా 15100కు ఫోన్ చేయవచ్చు. ఖైదీ జైలు సూపరింటెండెంట్ ద్వారా కూడా అర్జీ పంపుకోవచ్చు. వచ్చే ములాఖత్‌లో ఈ మాట ఆయనకు తప్పక చెప్పండి.