లంఖణమను మాట



మా నక్కపల్లిలో సాయంకాలమున చెట్టు క్రింద కూర్చుండు పెద్దలలో నొకరు నన్నొకనాడు, “మేష్టారూ, లంకణం అనాలా, లంఖణం అనాలా? ఏది ఒప్పు?” అని ప్రశ్నించిరి. ఆయన మనుమడు ముందునాడు ఉపమాక కొండ యెక్కి దిగివచ్చి, రాత్రికి జ్వరపడెను. పిల్లవానికి ఆ పూట అన్నము మాన్పించిరి. మాన్పించినదానికి సరియైన పేరేదో తెలిసికొనవలెనని ఆయనకు కోరిక పుట్టినది. మాటలకు ఒప్పు తప్పులు చెప్పుట ముప్పదియైదేండ్లు నాకు కూడుపెట్టిన వృత్తి. అయినను ఆ మాట వినగానే నాకు వెంటనే నోరు పెగలలేదు. కారణము పిదప విన్నవించెదను. మొదట మాట సంగతి చూతము.

మూలశబ్దము లంఘనము. హనుమంతుడు చేసినది సముద్రలంఘనము. ప్రభువు మాట జవదాటుట ఆజ్ఞోల్లంఘనము. ఈ రెంటియందును దాటుట యనునదే యర్థము. మరి దాటుటకును పస్తుండుటకును పొత్తెక్కడిది? భోజనమును దాటిపోవుట గావున లంఘనమైనదని కొందరు సులభముగా చెప్పుదురు. అంత ఊహింప బనిలేదు. పాణినీయుల ధాతుపాఠమునందు ఈ ధాతువును గత్యర్థకములలో పఠించి, భోజననివృత్తియందు కూడ నిది వర్తించునని వేరుగా చెప్పియున్నారు. అనగా వైద్యులు కల్పించిన యర్థము కాదు; వ్యాకరణమే యెరిగిన యర్థము. ఇంకొక విశేష మున్నది. తేలికయను నర్థముగల లఘుశబ్దమును ఉణాదులలో ఈ ధాతువునుండియే సాధించినారు. నడుమనున్న నకారము లోపించి లఘువైనది. కాబట్టి దాటుట, తినకుండుట, తేలికయగుట, ఈ మూడును ఒక్క తల్లి బిడ్డలు. ఈ మూడవ బిడ్డను జ్ఞాపకముంచుకొనుడు. దానితో మనకు పని యున్నది.

తెనుగునోట ఘకారము ఖకారమైనది, నకారము ణకారమైనది. ణకారమునకు సూత్రబలమేమియు లేదు. రేఫగాని షకారముగాని యాపదమున లేదు. అయినను జనుల నాలుకకు సూత్రములతో పనిలేదు. మన ప్రాంతమున ఒత్తుకూడ విడిచి లంకణమందురు. ఇది తప్పని నేను బడిలో ఎన్నడును ఎర్రసిరా పెట్టలేదు.

ఇక వైద్యమునకు వత్తము. చరకసంహిత సూత్రస్థానమున ఇరువదిరెండవ యధ్యాయమునకు లంఘనబృంహణీయమని పేరు. లోకమునందలి చికిత్సలన్నియు ఆరు తెగలలో నిమిడిపోవునని అందు చెప్పబడినది: లంఘనము, బృంహణము, రూక్షణము, స్నేహనము, స్వేదనము, స్తంభనము. వీనిలో లంఘనమునకు చరకుడిచ్చిన లక్షణమేమి? దేహమునకు తేలికదనము కలిగించునది యేదైనను లంఘనమే. చూచితిరా, ఉణాదుల లఘుశబ్దమే వైద్యుని నోట మరల పలికినది. అన్నము మానుట యన్న మాట ఆ లక్షణమున లేనే లేదు. పిదప ఆయన లంఘనమునకు పది మార్గములు లెక్కించెను. వమనము, విరేచనము, నిరూహవస్తి, శిరోవిరేచనము అను నాలుగు శోధనములు. దప్పిగొనుట, గాలి, ఎండ, పాచనము, ఉపవాసము, వ్యాయామము. ఈ పదింటిలో ఉపవాస మొకటి మాత్రమే. తెల్లవారి లేచి పొలము గట్టున రెండు మైళ్లు నడచువాడుకూడ చరకుని లెక్కలో లంఖణము చేయుచున్నవాడే! ఆ మాట మా చెట్టు క్రింద చెప్పినప్పుడు అందరును నవ్విరి.

అంతటితో నూరకొనక, ఎవరికేది తగునో కూడ ఆయన నిర్ణయించెను. దోషము మిక్కుటమై బలము గలవానికి శోధనములు. రోగము మధ్యమమైన పాచనము. స్వల్పమైన దప్పియు ఉపవాసమును. లంఘనము చక్కగా సాగినదనుటకు గురుతులు చెప్పెను: ఒడలు తేలికపడును, త్రేనుపు శుద్ధమగును, చెమట పట్టును, రుచి తెలియును, ఆకలిదప్పులు రెండును ఒకమారే కలుగును. మితిమీరినదనుటకును గురుతులు చెప్పెను: కీళ్లు విరిగినట్లగును, నోరెండును, దప్పి హెచ్చును, చెవియు కన్నును తమ పని మానును, మనస్సు తిరుగుడుపడును, బలము క్షయించును. ఇది చదివిన వైద్యుడు రోగిని దినదినము చూడక తప్పదు. ఒక్కమారు ఆజ్ఞాపించి పోవుటకు వీలులేదు.

జ్వరచికిత్సయందు మొట్టమొదట లంఘనమని చరకుడే చెప్పెను. నిజము. కాని ఆ వాక్యముననే మినహాయింపులును గలవు. క్షయమువలన, వాతమువలన, భయమువలన, క్రోధమువలన, శోకమువలన, శ్రమవలన పుట్టిన జ్వరములకు అది పనికిరాదు. దానికి వెంటనే మరియొక కట్టడి: ప్రాణమునకు విరోధము గాకుండ లంఘనము చేయింపవలెను; ఆరోగ్యమునకు ఆధారము బలము, ఈ చికిత్సయంతయు ఆ బలముకొరకే కదా యని ఆయన భావము. తరువాతి వైద్యసంగ్రహములందు బాలునకు, వృద్ధునకు, గర్భిణికి, దుర్బలునకు లంఘనము కూడదని స్పష్టముగా నిషేధించిరి.

మరి దప్పి సంగతి యేమి? పది లంఘనములలో దప్పిగొనుటయు నొకటియే కదా యని మీరడుగవచ్చును. జ్వరితునకు దప్పి యైనప్పుడు తుంగముస్తలు, పర్పాటకము, వట్టివేళ్లు, చందనము, కురువేరు, శొంఠి వేసి కాచి చల్లార్చిన నీరు ఇయ్యవలెనని ఆ జ్వరప్రకరణముననే యున్నది. దానినే షడంగపానీయమందురు. లంఘనము ముగిసిన పిమ్మట జ్వరము మెత్తబడువరకో, ఆరు దినములవరకో యవాగువులు పోయవలెనని గూడ నున్నది. మన యిండ్లలోని జావ యను మాట ఈ యవాగువు నుండియే దిగివచ్చినదని నా తలపు. వాగ్భటుడు చికిత్సలన్నింటిని రెండుగా కుదించి, ఒకటి లంఘనము, రెండవది బృంహణమనెను. అనగా తేలిక చేయుట, పుష్టి చేయుట. ఈ రెండును త్రాసు తట్టలవంటివి.

ఇంత విశాలమైన మాట మన పల్లెలకు వచ్చుసరికి పదింటిలో తొమ్మిదింటిని పోగొట్టుకొని, ఒక్కటిగా మిగిలినది. ఎట్లు? వమనవిరేచనములకు, వస్తికర్మకు ద్రవ్యములు కావలెను, చేయి తిరిగినవాడు కావలెను, దగ్గర కూర్చుండు పరిచారకుడు కావలెను. అన్నము మాన్పించుటకు కానియైనను అక్కరలేదు. బీదయింట నిలిచిన చికిత్స బీదవానికి అందుబాటైనదే. ఇది నా యూహ, కాదనువారు కాదనవచ్చును. ఇట్లు మిగిలినదానికి లెక్కలు కూడ ఏర్పడెను. ఏడు లంఖణములు, పదకొండు లంఖణములు, ఇరువదియొక్క లంఖణములు అని దినములను ఆ పేరనే లెక్కించెడువారు. “ఇరవయ్యొక్క లంకణాలు చేసి లేచిన మనిషి” అన్నచో, మృత్యువు గడప తొక్కి మరలివచ్చినవాడని యర్థము. సన్నిపాతమని మనవారనిన టైఫాయిడు జ్వరమున ఈ లెక్క మిక్కిలి కఠినముగా నడచెడిది.

ఇందుకు మన వైద్యులనే నిందింప బనిలేదు. ఐరోపాఖండమునందును జ్వరితుని మాడ్చుట చిరకాలము ఆచారమై యుండెను. డబ్లిన్ నగరమున మీత్ ఆసుపత్రి వైద్యుడు రాబర్ట్ గ్రేవ్స్ (1796–1853) దానిని ఎదిరించి, జ్వరితులకు ఆహారమిచ్చి బ్రతికించెను. తన సమాధిమీద మరేమియు వ్రాయక, జ్వరితులకు అన్నము పెట్టినవాడని మాత్రము వ్రాయవలసినదిగా ఆయన శిష్యులతో చెప్పెనట. ప్రాణావిరోధముగా లంఘనము చేయింపుమన్న చరకుడును, ఈయనయు ఎదురుపడియుండిన, ఇద్దరికిని పెద్ద తగవుండెడిది కాదు. టైఫాయిడును నేరుగా పట్టి అణచు క్లోరాంఫెనికాల్ గుణము 1948లో మలయాదేశమున తేటపడెను. ఆ మందు మన యూళ్లకు వచ్చిన పిమ్మట ఇరువదియొకటి యను లెక్క మెల్లగా మాటలలోనే మిగిలిపోయెను.

ఇప్పుడు ఆ మాట నన్నేల తడబరచినదో చెప్పెదను.

1969వ సంవత్సరము వేసవిలో నాకు పదియేండ్లు. నా తమ్మునికి ఐదు. ఒకనాటి రాత్రి వానికి వాంతులు, విరేచనములు పట్టుకొనెను, తెల్లవారుసరికి జ్వరము. వైద్యుడొకరు వచ్చి నాడి చూచి, ఒక పొట్లమిచ్చి, “లంకణం కట్టించండి, ఎల్లుండి చూద్దాం” అని బండి యెక్కి పోయెను. ఆ మాటకు మా యింటి పెద్దలెరిగిన యర్థ మొక్కటే: నోట ఏమియు పోయరాదు. నీరు పోసినకొలది నీరే పోవునని వారి నమ్మకము. ఆ రోజులలో చాల యిండ్లలో నదే నమ్మకము. పిల్లవాడు దొంగచాటుగ నీళ్లు త్రాగునేమో యని కుండయొద్ద నన్ను కాపలా యుంచిరి. వాడు రెండుమారులు ప్రాకుచు వచ్చెను. “అన్నయ్యా, కొంచెం” అనెను. నేను ఇయ్యలేదు. పెద్దలమాట మీరరాదని నేర్చిన పిల్లవాడను. నాయనమ్మ తడిగుడ్డతో వాని పెదవులద్దుచు కూర్చుండెను. మూడవనాటి వేకువకు వాడు లేడు.

మా తాతగారు ఆ వైద్యుని ఒక్క మాట యనలేదు. ఆయన అన్నము మాన్పుమనెనో, నీరును మాన్పుమనెనో అడిగినవారు మాలో లేరు. విడమరచి చెప్పుటకు ఆయన నిలువలేదు. నడుమ నున్నది ఆ యొక్క మాట.

భాషాప్రవీణకు చదువుకొను దినములలో పుస్తకశాలలో నేదో వెదకుచుండగా చరకసంహిత చేతికి వచ్చెను. విషయసూచికలో లంఘనమను మాట కనబడెను. చదువుచు చదువుచు, బాలునకు నిషేధమను సంగతి ఒక సంగ్రహమునందును, దప్పికి షడంగపానీయమను సంగతి ఈ గ్రంథమునందును చూచితిని. పుస్తకము మూసి వెలుపలికి పోయి చాలసేపు నిలుచుంటిని. అదివరకు నాకు శబ్దార్థములు పరీక్షలో వ్రాయవలసినవి మాత్రమే.

మా తమ్ముడు పోయిన రెండేండ్లకే, 1971లో, వంగదేశ సరిహద్దున బనగాఁవ్ శిబిరమున కాందిశీకులకు విషూచి సోకెను. సిరలోనికెక్కించు ద్రవము చాలకపోగా, డాక్టరు దిలీప్ మహలనబీస్ ఉప్పు, సోడా, గ్లూకోజు కలిపిన నీటిని డ్రమ్ములలో నింపించి, తల్లులచేతను చుట్టములచేతను త్రాగించెను. నూటికి ముప్పదిగా నున్న మరణములు నాలుగింటికి లోపుగా దిగినవి. ఈనాడు పొట్లములలో అమ్ముచున్నది ఆ యుప్పుచక్కెరల కలయికయే. విరేచనములో పోవుచున్న నీటిని నోటితోనే తిరిగి పోయవలెనను సంగతి ఇంత సులభము. రెండేండ్లు! నేనీ లెక్కను అనేక పర్యాయములు వేసికొంటిని.

మాట కొసలు కొన్ని మిగిలినవి. తినకుండుటకు మన భాషలో పేర్లనేకము. ఒకదానిచోట నొకటి నిలువదు. ఏకాదశినాడు చేయునది ఉపవాసము. దైవమునకు దగ్గరగా వసించుట యని పెద్దలు చెప్పుదురు. పరీక్షిత్తు గంగయొడ్డున కూర్చున్నది ప్రాయోపవేశము. పొట్టి శ్రీరాములుగారు 1952 అక్టోబరు 19న మదరాసులో ఆరంభించి 58 దినములు సాగించి, డిసెంబరు 15న ప్రాణములు విడిచినది నిరాహారదీక్ష; దానిని లంఖణమని యెవ్వరు నన్నట్లు నేను వినలేదు. ఇంట గింజలేక ఊరకుండుట పస్తు. అయితే కూలి దొరకని దినమున మనవారు ఎగతాళిగా, “ఈ పూట లంకణమే” అందురు. రోగికి చెప్పిన మందు పేరును ఆకలి తాను తగిలించుకొని, తనను చూచి తానే నవ్వుకొనుట యిది. ఇంతకన్న చేదైన హాస్యము మన భాషలో అరుదు.

చెట్టు క్రింద అడిగిన పెద్దలకు నేను చివరకు, “మూలం లంఘనం. మీ నోట వచ్చిన రెండూ వాడుకే. పిల్లాడికి నీళ్లిచ్చారా?” అంటిని.

“కాచి చల్లార్చి ఇస్తన్నాం మేష్టారూ. పేటనుంచి పొడి పొట్లాలు కూడా తెప్పించాం. డాక్టరు రేపు మళ్లీ రమ్మన్నాడు,” అని ఆయన బదులు పలికెను.

అయినను నాకు మనసు నిలువక, లేచి ఆయనతో వారి యింటికి పోతిని. పిల్లవాడు అరుగుమీద తల్లి యొడిలో కూర్చుండి, గిన్నెలోని జావ ఊదుకొనుచు త్రాగుచుండెను.