నటించిన మరణం, నిజమైన మరణం

1980 ఫిబ్రవరిలో ఇటలీలోని మిలాన్ నగరంలో విడుదలైన ‘కానిబాల్ హోలోకాస్ట్’ చిత్రాన్ని కొద్దిరోజులకే న్యాయాధికారులు స్వాధీనం చేసుకున్నారు. దర్శకుడు రుజ్జెరో డియోడాటో. నరమాంస భక్షకులను చిత్రించడానికి అమెజాన్ అడవులకు వెళ్లి అదృశ్యమైన బృందపు ఫిల్ము దొరకడం ఇందులోని కథ. ఆ కల్పనను ప్రేక్షకులచేత నమ్మించడానికి, నటులు ఏడాదిపాటు ప్రజల కంటపడరాదని ఒప్పందం కుదిరింది. ఆ యుక్తే దర్శకుని మెడకు చుట్టుకున్నది. నటులను నిజంగానే చంపించాడన్న అనుమానం బయలుదేరింది. వారిని సజీవంగా చూపి, కొర్రు వేయబడిన స్త్రీ కూర్చున్నది ఇనుపకడ్డీకి అమర్చిన సైకిల్ సీటుపైనేనని వివరించిన తరువాతగాని హత్యారోపణ తొలగలేదు.

అయితే తాబేలు, కోతి మొదలైన మూగజీవాలను మాత్రం కెమెరా ఎదుట నిజంగానే చంపారు. ఇటలీలో నిషేధం 1984 వరకు కొనసాగింది.

బ్రిటన్‌లో 1980 దశకంలో వీడియో క్యాసెట్లపై చెలరేగిన ఆందోళనలో ఈ చిత్రం నిషిద్ధ జాబితాకెక్కింది. 2001లో అక్కడి సెన్సారు సంస్థ దాదాపు ఆరు నిమిషాల భాగాన్ని తొలగించి అనుమతించింది. 2011లో పునఃపరిశీలించి, ఒక చిన్న జంతువును చంపే సుమారు 15 సెకన్ల దృశ్యాన్ని మాత్రమే తొలగించింది. చిత్రీకరణ కోసం జంతువులను హింసించిన దృశ్యాల ప్రదర్శనను 1937 నాటి చట్టం అక్కడ నిషేధిస్తున్నది.

మనుషులపై చూపిన ఘోరాలు అభినయమని తేలాక వాటిని వయోజనుల వివేచనకు విడిచిపెట్టారు. ప్రేక్షకుడు ఏమి చూస్తాడన్న ప్రశ్నతో మొదలైన వివాదం, చిత్రనిర్మాణంలో ఏమి జరిగిందన్న ప్రశ్న వద్దకు చేరింది. జంతువులను చంపినందుకు డియోడాటో సైతం తదనంతర కాలంలో విచారం వెలిబుచ్చాడు.