నిద్రలో నడక, మెలకువలో భయం: ‘హై అండ్ డిజ్జీ’ (1920) హాస్యచిత్ర పరిశీలన

హెరాల్డ్ లాయిడ్ నాయకుడుగా, హాల్ రోచ్ దర్శకత్వంలో 1920 జూలైలో విడుదలైన ‘హై అండ్ డిజ్జీ’ రెండు రీళ్ల మూకీ హాస్యచిత్రం. ఎత్తైన భవనపు అంచున నాయకుడు చిక్కుకోవడం ఇందులోని ప్రధాన సన్నివేశం. అందువల్ల దీనిని ‘సేఫ్టీ లాస్ట్’ (1923)కు తొలిమెట్టుగా పరిగణించడం పరిపాటి. ఈ దృష్టి వల్ల చిత్రానికి ప్రాణమైన నాయిక నిద్రానడక మరుగున పడుతున్నది.

నిద్రలో నడిచే పాత్ర అప్పటికే రంగస్థలానికి, వెండితెరకు పరిచితం. బెల్లిని సంగీతరూపకం ‘లా సొన్నాంబుల’ (1831)లో నాయికపై నిందకు కారణమైన నడకే చివరకు ఆమె నిర్దోషిత్వానికి సాక్ష్యమవుతుంది. 1920 ఫిబ్రవరిలో బెర్లిన్‌లో ప్రదర్శితమైన ‘కాలిగరీ’ చిత్రంలో నిద్రాచారి పరుల ఆజ్ఞకు లోబడి హత్యకు పూనుకుంటాడు. ఈ రెండింటిలోనూ ప్రేక్షకుని ఆందోళన నిద్రిస్తున్న వ్యక్తి చుట్టూ తిరుగుతుంది. లాయిడ్ చిత్రం ఆ ఆందోళనను మేల్కొని ఉన్నవానికి బదిలీ చేసింది.

కథ స్వల్పం. రోగులు లేని యువవైద్యుని వద్దకు ఒక తండ్రి నిద్రలో నడిచే కుమార్తెను తీసుకువస్తాడు. ఆ పాత్రధారిణి మిల్‌డ్రెడ్ డేవిస్. వైద్యుడు ఆమెను ప్రేమిస్తాడు. తరువాత మిత్రుడు ఇంట్లో కాచిన మద్యం సేవించి తూలుతూ హోటలు చేరుతాడు. అమెరికాలో మద్యనిషేధం అమలులోకి వచ్చినది ఆ ఏడాది జనవరిలోనే కనుక ఈ ఘట్టం నాటి ప్రేక్షకులకు సమకాలిక పరిహాసం. అదే హోటలులో బస చేసిన నాయిక నిద్రలో కిటికీ దాటి భవనపు అంచున నడుస్తుంది. ఆమె క్షేమంగా లోపలికి చేరుతుంది. నాయకుడు బయట చిక్కుకుంటాడు.

భరతుడు చెప్పిన ముప్పైమూడు వ్యభిచారిభావాలలో సుప్తం, మదం, త్రాసం ఉన్నాయి. వాటి ప్రభావం ఈ చిత్రంపై ఉన్నదని కాదు. సన్నివేశ నిర్మాణాన్ని వివరించడానికి అవి ఉపకరిస్తాయి. నాయికలో సుప్తం, నాయకునిలో తొలుత మదం, ఎత్తు తెలిసిన పిమ్మట త్రాసం కనిపిస్తాయి. అంచు ఒకటే, లోతు ఒకటే. భేదం ఎరుకలోనే ఉన్నది. ఎరుక లేని పాదం తడబడదు, ఎరుక గల పాదం నిలవదు. ఈ వైరుధ్యమే ఇక్కడ హాస్యహేతువు.

‘సేఫ్టీ లాస్ట్’లో నాయకుని భయానికి పక్కన నిలిచే నిర్భయ పాత్ర ఆ గోడపై లేదు. ‘హై అండ్ డిజ్జీ’లో భయానికి కొలమానంగా నిద్రిస్తున్న నాయిక ఉన్నది. కనుక ఈ లఘుచిత్రాన్ని తరువాతి చిత్రానికి అసంపూర్ణ నమూనాగా గాక, భిన్నమైన హాస్యసూత్రం గల స్వతంత్ర కృతిగా పరిగణించడం సమంజసం.