రోష్నీ దారిలో జోడ్

గాజు తీగలో రోష్నీ పంపే ఇల్మ్ ఎవరిది అంటే అందరూ చార్లెస్ కావో పేరే చెబుతారు. సహీ మాటే. 1966లో ఇంగ్లండ్‌లో ఆయన, జార్జ్ హాకమ్ కలిసి ఒక హిసాబ్ వేశారు. కిలోమీటరు నడిచాక రోష్నీలో నూటికి ఒక్క వంతు మిగిలినా చాలు, అంటే నుక్సాన్ 20 డెసిబెల్‌కి మించకపోతే చాలు, టెలిఫోన్ మాటలు నడపొచ్చని. 1970లో అమెరికాలో కార్నింగ్ కంపెనీవాళ్లు దాన్ని 17కి దింపారు. 2009లో కావోకి నోబెల్ వచ్చింది.

ఈ తారీఖ్‌లో ఒక బాబ్ ఎప్పుడూ ఖాళీగా ఉండిపోతుంది. తీగని ఎక్కడో ఒకచోట మిషన్‌కి తగిలించాలి కదా, అవసరమైతే విప్పాలి కదా? ఆ జోడ్ ఎవరు చేశారు?

రాగి తీగలైతే రెండు కొసలు మెలిపెడితే కరెంటు పారుతుంది. గాజుకి ఆ సులువు లేదు. దూరాలకి వాడే తీగలో రోష్నీ నడిచే దారి వెడల్పు సుమారు 9 మైక్రాన్లు, వెంట్రుక కన్నా ఎన్నో రెట్లు బారీక్. అలాంటి రెండు దారులు సరిగ్గా ఎదురెదురుగా నిలబడాలి. ఒకటి రెండు మైక్రాన్లు జరిగినా రోష్నీ కారిపోతుంది. మధ్యలో గాలి దూరిందా, ఒక్కో గాజు కొస దగ్గర నూటికి 4 వంతులు వాపస్ తిరుగుతుంది.

1970లలో బెల్ ల్యాబ్స్ వాళ్లు బైకోనిక్ అనే కనెక్టర్ చేశారు. కోను లాంటి రెండు మొనలు అటూ ఇటూ నుంచి ఒకే గొట్టంలోకి దిగుతాయి. మొదట్లో మొన తిరక్కుండా పట్టే ఏర్పాటు లేదు కనుక విప్పి పెట్టిన ప్రతిసారీ నుక్సాన్ మారేది. తర్వాత జపాన్‌లో ఎన్‌టీటీ సంస్థ మరతో బిగించే ఎఫ్‌సీ తెచ్చింది. అమెరికాలో ఏటీ అండ్ టీ ఎస్‌టీ తెచ్చింది. మన పాత బల్బు హోల్డర్ లాగే నొక్కి తిప్పాలి. నొక్కితే చాలు కూర్చునే చదరపు ఎస్‌సీ కూడా ఎన్‌టీటీ ఈజాదే. 1990లలో లూసెంట్ మొనని సగానికి, 1.25 మిల్లీమీటర్లకి తగ్గించి ఎల్‌సీ చేసింది.

పేర్లు మారాయి గానీ అస్లీ కమాల్ మొన అరగదీయడంలో ఉంది. కొసని కొంచెం గుండ్రంగా సానపడితే గాజు గాజుని తాకుతుంది, మధ్యలో గాలికి చోటుండదు. ఇంకొకరు ఆ మొనని 8 డిగ్రీలు వాలుగా అరగదీశారు. తిరిగొచ్చే రోష్నీ లేజర్ వైపు పోకుండా పక్కకి తప్పుకుంటుంది. ఆకుపచ్చ కనెక్టర్ అంటే ఇదే. మొదట్లో ఈ పని చేత్తోనే. గమ్ పెట్టి, కాగితం మీద రుద్ది, మైక్రోస్కోపులో చూసి, మళ్లీ రుద్ది. ఆ కారిగర్ల పేర్లు ఏ కితాబ్‌లోనూ ఉండవు.

వాళ్ల మెహనత్ విలువ హిసాబ్‌లోనే కనిపిస్తుంది. ఒక కనెక్టర్ 0.3 డెసిబెల్ తింటుందనుకోండి. 1970 నాటి గాజులో అది 18 మీటర్ల తీగతో బరాబర్, ఎవరికీ ఫికర్ లేదు. నేటి మంచి తీగలో కిలోమీటరుకి నుక్సాన్ 0.2 మాత్రమే. అదే కనెక్టర్ ఇప్పుడు కిలోమీటరున్నర తీగంత తింటుంది! గాజు బాగుపడేకొద్దీ జోడ్ బరువు పెరిగిందన్నమాట.

మన ఇళ్లలో మోడెమ్ మీద ఎర్ర లైటు వెలిగి, జెద్దాలో ఉన్న బేటాతో వీడియో కాల్ తెగిపోతే అమ్మీజాన్ కంపెనీని తిడుతుంది. వచ్చిన కుర్రాడు చాలాసార్లు చేసేది ఇంతే: మొన లాగి, సాఫ్ చేసి, మళ్లీ పెడతాడు. 9 మైక్రాన్ల దారికి కంటికి కనబడని గర్దా కూడా పెద్ద బండరాయే. ఆ కొసలోకి మీరు హర్గిజ్ కన్ను పెట్టి చూడొద్దు. లోపలి రోష్నీ కనిపించదు గానీ కంటికి నుక్సాన్ చేయగలదు. ఆకుపచ్చ మొనని నీలం సాకెట్‌లో గుచ్చొద్దు. ఒకవైపు 8 డిగ్రీల వాలు, ఇంకోవైపు వాలు లేని మొన. మధ్యలో గాలి మిగిలి, 1970ల నాటి మస్లా మీ ఇంట్లో మళ్లీ మొదలవుతుంది.