టీఎంసీ

జలాశయంలో నిలిచిన నీటి ఘనపరిమాణాన్ని చెప్పే కొలమానం. వెయ్యి మిలియన్ ఘనపుటడుగులు, అంటే 100 కోట్ల ఘనపుటడుగులు ఒక టీఎంసీ. లీటర్లలో ఇది సుమారు 2,832 కోట్లు. ఆ నీటిని అడుగు లోతున నిలబెడితే దాదాపు 22,957 ఎకరాలు మునుగుతాయి.

కాకతీయ గణపతిదేవుని సేనాని రేచర్ల రుద్రుడు 13వ శతాబ్దంలో పాలంపేట వద్ద కట్టించిన రామప్ప చెరువు సామర్థ్యం సుమారు 2.9 టీఎంసీలు. కొండల మధ్య కట్ట వేసి ఇంత నీటిని నిలిపిన ఆ పనితనం అక్కడి రామప్ప ఆలయ శిల్పానికి ఏమాత్రం తీసిపోదు.

చెరువులో టీఎంసీలను నేరుగా కొలవరు. నీటిమట్టాన్ని అడుగుల్లో చదివి, ఆ మట్టానికి ఎంత నీరుంటుందో ముందే లెక్కగట్టిన పట్టికలో చూస్తారు. పూడిక పేరుకుంటే పాత పట్టిక నిజం చెప్పదు. మళ్లీ సర్వే చేయాల్సిందే.

టీఎంసీని క్యూసెక్కుతో కలిపేయడం వార్తల్లో తరచూ కనిపించే పొరపాటు. క్యూసెక్కు సెకనుకు ఒక ఘనపుటడుగు చొప్పున సాగే ప్రవాహం. 11,574 క్యూసెక్కుల ప్రవాహం రోజంతా సాగితే ఒక టీఎంసీ చేరుతుంది. నదీజలాల పంపకాల్లోనూ లెక్క టీఎంసీల్లోనే: కృష్ణా జలాల వివాదాన్ని విచారించిన బచావత్ ట్రిబ్యునల్ ఆ నదిలో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌కు 800 టీఎంసీలు, పునరుత్పత్తి జలాలతో (వాడకం తర్వాత తిరిగి నదిలో చేరే నీటితో) కలిపి 811 టీఎంసీలు కేటాయించింది.